ఇంజంక్షను కోరు రైతు కోర్టువద్ద నిజము దాచరాదు

తొలకరి పనులు ప్రారంభమగు దినములలో మా యొద్దకు వచ్చు రైతులు విత్తనములను గూర్చియు, ఎరువులను గూర్చియు, నారుమడులను గూర్చియు అడుగుట వాడుక. ఆ మాటలు ముగిసిన పిమ్మట పలువురు గట్టు తగవులను, దారి తగవులను, బోదె తగవులను ప్రస్తావింతురు. "కోర్టుకు పోయి ఒక ఇంజంక్షను తెచ్చుకొంటే చాలును, అవతలివాడు కాలు పెట్టలేడు" అని చెప్పుకొందురు. మేము వకీలులము కాము. వ్యవసాయ ప్రదర్శనలు చేయుట మా వృత్తి. అయినను ఈ విషయమున రైతులు చేయుచున్న యొక పొరపాటువలన పంటలు పోవుటయు, న్యాయమైన హక్కులు సైతము చిక్కులలో పడుటయు కన్నులార జూచితిమి. కావున సంఘ సభ్యుల మేలు గోరి, మాకు తెలిసినంతవఱకు ఇచ్చట వ్రాయుచున్నాము.

ఇంజంక్షను అన నేమి?

ఒక పని చేయవద్దని గాని, అరుదుగా చేసినదానిని తొలగింపుమని గాని, కోర్టువారు కక్షిదారున కిచ్చు ఉత్తరువే ఇంజంక్షను. ఇది రెండు విధములు. దావా యంతయు విచారించి, సాక్ష్యములు విని, తీర్పుతోపాటు ఇచ్చునది శాశ్వతపు ఇంజంక్షను. దీనికి 1963వ సంవత్సరపు స్పెసిఫిక్ రిలీఫు చట్టము ఆధారము. దావా తేలువఱకు ఆస్తి చెడిపోకుండ నడుమ నిచ్చునది తాత్కాలికపు ఇంజంక్షను. దీనికి 1908వ సంవత్సరపు సివిలు ప్రొసీజరు కోడులోని 39వ ఆర్డరు ఆధారము.

తాత్కాలికపు ఉత్తరువు నిచ్చుటకు ముందు కోర్టువారు మూడు సంగతులను చూతురు. అర్జీదారుని పక్షమున విచారింపదగిన హక్కు పైకి కనబడుచున్నదా యనునది మొదటిది. ఉత్తరువీయకున్న ఇతనికి కలుగు కష్టము, ఇచ్చిన అవతలివానికి కలుగు కష్టము, ఈ రెంటిలో నేది యెక్కువ యనునది రెండవది. తరువాత డబ్బుతో పూడ్చరాని నష్టము ఇతనికి కలుగునా యనునది మూడవది.

సాధారణముగా కోర్టువారు అవతలి కక్షికి నోటీసు పంపి, అతని మాట కూడ విని, పిమ్మట ఉత్తరువు నిత్తురు. కాని నోటీసు పంపి జాగు చేసినచో గట్టు తెగిపోవును, పైరు కోసికొనిపోవుదురు అను సందర్భములలో, కారణములను వ్రాసి, అవతలివాని మాట వినకయే ఇచ్చుటకు 3వ రూలు వీలు కల్పించినది. దీనినే మనవారు ఎక్స్‌పార్టీ ఆర్డరు అందురు.

ఇచ్చటనే చిక్కంతయు నున్నది. న్యాయాధిపతి మన చేను చూడలేదు. మన పొరుగువానిని చూడలేదు. ఆయన యెదుట నున్నది మనము ప్రమాణము చేసి దాఖలుచేసిన అఫిడవిటును, దానితో జతపరచిన కాగితములును మాత్రమే. అవతలివాడు అక్కడ నున్నయెడల ఏమి చెప్పియుండెడివాడో, ఆ సంగతులను కూడ మనమే చెప్పవలసిన బాధ్యత మనపై పడుచున్నది.

మట్టి పరీక్షకు నమూనా తీయు పద్ధతి సభ్యు లెఱుగుదురు. చేనిలో ఎనిమిది పది చోట్ల ఆరంగుళముల లోతువఱకు మట్టి తీసి, కలిపి, అందులోనుండి అర కిలో పంపవలెను. పెంటకుప్ప ప్రక్కను, గట్టు ప్రక్కను తీయరాదు. బలమైన మూలనుండి మాత్రమే తీసి పంపినచో ప్రయోగశాలవారు నేల బలముగ నున్నదని వ్రాసి పంపుదురు. ఆ మాటను నమ్మి ఎరువు తగ్గించిన రైతు కోతకాలమున ఎవరిని నిందింపగలడు? కోర్టునకు మనకు అనుకూలమైన సంగతులను మాత్రమే ఏరి పంపుటయు ఇట్టిదియే.

మేము చూచిన యొక తగవు

కొన్ని సంవత్సరముల క్రిందట మేము పనిచేయుచుండిన యొక గ్రామమున ఇద్దరు పొరుగు రైతులు గలరు. ఎగువ రైతు పొలము గట్టు వెంబడి పోవు బోదె ద్వారా దిగువ రైతుయొక్క ఎకరా అరువది సెంట్ల మాగాణికి నీరు పారుచుండెను. ఒక యేట నీటి యెద్దడిలో తగవు పుట్టగా పెద్దమనుష్యులు కూర్చుండి కాగితము వ్రాయించిరి. బోదె యెప్పటివలెనే యుండవలెను. ఎద్దడి దినములలో మాత్రము దిగువ రైతు దినము విడిచి దినము నీరు పెట్టుకొనవలెను. ఏటేట పూడిక తీయు ఖర్చులో సగ మిచ్చుకొనవలెను. ఇవి అందలి షరతులు. ఇద్దరును సంతకములు చేసిరి. నారుమడి ప్రదర్శనకై ఆ దినమున మే మా యూర నుండుటచే ఆ కాగితము మా యెదుటనే వ్రాయబడెను.

నాలుగేండ్లు బాగుగనే గడచినవి. తరువాతి ఖరీఫులో ఎగువ రైతు బోదెకు అడ్డుకట్ట వేసెను. దిగువ రైతు దావా వేయ నిశ్చయించెను. పట్టణమునకు బయలుదేరుటకు ముందు దినమున తన నారుమడి చూపుటకై మమ్ము పిలుచుకొనిపోయి, మాటల సందర్భమున ఇట్లనెను: "అయ్యా, ఆ కాగితం సంగతి వకీలుగారితో చెప్పలేదండి. చెబితే నీళ్లు రోజు విడిచి రోజే అంటారు. పూడిక డబ్బులు రెండేళ్లుగా ఇవ్వలేదని కూడా పట్టుకుంటారు." మేము "అది మా శాఖకు సంబంధించిన పని కాదు, నీ యిష్టము" అని యూరకుంటిమి. నారు దినములు లెక్కించి, దమ్మును గూర్చి రెండు మాటలు చెప్పి వచ్చివేసితిమి. ఆ మౌనము మా తప్పు. ఆ దినమున ఒక్క మాట గట్టిగా చెప్పియుండిన బాగుండెడిది.

అఫిడవిటులో "ఈ బోదె విషయమై మా యిరువురి నడుమ ఇంతకు ముందు ఏ తగవును, ఏ ఒడంబడికయు లేదు" అని వ్రాయబడెను. కోర్టువారు నమ్మిరి. బోదె నీటికి అడ్డుపెట్టరాదని ఎగువ రైతునకు నోటీసు లేకయే తాత్కాలికపు ఉత్తరువు నిచ్చిరి. కట్ట తీయబడెను, నీరు వచ్చెను, దమ్ము ప్రారంభమయ్యెను. రెండు వారములు గడవకముందే ఎగువ రైతు హాజరై ఆ కాగితమును దాఖలుచేసెను. సంతకము నీదేనా యని న్యాయాధిపతి యడుగగా దిగువ రైతు కాదనలేకపోయెను. ఉత్తరువు రద్దయ్యెను. నారు సరిగా నాటు అదనుకు వచ్చిన దినములవి. పిమ్మట వానలు పడువఱకు ఆగి, నలుబది యైదు దినములు దాటిన ముదురు నారును నాటవలసివచ్చెను. పిలకలు వేయలేదు. ఆ యేడు పంటలో సగమునకు పైగా పోయెను. సంఘమునకు తీర్చవలసిన పంటఋణము మరుసటి యేటికి మిగిలెను.

సభ్యులు గమనింపవలసిన దేమనగా, ఆ కాగితము దిగువ రైతునకు విరోధమైనది కాదు. "బోదె యెప్పటివలెనే యుండవలెను" అను మొదటి షరతు అతని హక్కునకు ఎగువ రైతే వ్రాసియిచ్చిన సాక్ష్యము. దానిని ముందుగా తానే దాఖలు చేసి, "వంతు షరతునకు నేను బద్ధుడను, పూడిక సొమ్ము బాకీయున్నది, చెల్లించుటకు సిద్ధముగ నున్నాను, కాని బోదె మూయుటకు ఇతనికి హక్కు లేదు" అని చెప్పియుండినచో ఆ యుత్తరువు నిలుచుట కెక్కువ వీలుండెడిది. రెండేండ్ల పిమ్మట వారిరువురును లోక్ అదాలతులో రాజీపడిరి. రాజీ షరతులు ఆ పాత కాగితములోని షరతులే.

చట్టము చెప్పునది

ఇది ఒక న్యాయాధిపతి యొక్క కోపమువలన జరిగినది కాదు. స్పెసిఫిక్ రిలీఫు చట్టము 41వ సెక్షనులో, ఏ సందర్భములలో ఇంజంక్షను ఇయ్యరాదో చెప్పుచు, కోర్టు సహాయము పొందుటకు తగనట్టి ప్రవర్తన అర్జీదారునిదైనను, అతని యేజంటుదైనను ఉన్నచో ఇయ్యరాదని యున్నది. 39వ ఆర్డరు 4వ రూలులో మఱింత స్పష్టముగ నున్నది. ముఖ్యమైన సంగతిని గూర్చి తెలిసియే అబద్ధము గాని, తప్పుదారి పట్టించు మాట గాని చెప్పి, అవతలివానికి నోటీసు లేకుండ ఉత్తరువు పొందినయెడల, కోర్టువారు దానిని రద్దుచేయవలెను. న్యాయదృష్టిచే రద్దుచేయ నక్కఱలేదని తోచినచో అందుకు కారణములు వ్రాయవలెను.

అంతటితో పోదు. తగిన ఆధారము లేక ఇంజంక్షను పొందినచో, సివిలు ప్రొసీజరు కోడు 95వ సెక్షను ప్రకారము అవతలివానికి 50,000 రూపాయలవఱకు నష్టపరిహారము ఇప్పించవచ్చును. అఫిడవిటు ప్రమాణముపై నిచ్చునది గనుక అందులో బుద్ధిపూర్వకముగ అబద్ధమాడుట నేరము. 2024 జూలై 1వ తేదినుండి అమలులో నున్న భారతీయ న్యాయ సంహిత 229వ సెక్షను ప్రకారము, న్యాయవిచారణలో తప్పుడు సాక్ష్యమునకు ఏడు సంవత్సరములవఱకు ఖైదును, జరిమానాయు విధింపవచ్చును.

కాగితము దాచుటను గూర్చి 1993లో సుప్రీంకోర్టు ఇచ్చిన యొక తీర్పు ప్రసిద్ధమైనది. ఆ తగవు మద్రాసు హైకోర్టునుండి వచ్చినది. ఒక షావుకారు గుమాస్తా కోర్టు వేలములో తన యజమాని నిమిత్తము ఆస్తి కొని, 1945లో ఆ హక్కును యజమానికి విడుదల పత్రము ద్వారా వదలుకొనెను. పిమ్మట ఆ పత్రమును చెప్పకయే భాగమునకై దావా వేసి ప్రాథమిక డిక్రీ పొందెను. ఆ పత్రము సంగతి తరువాత బయటపడెను. తగవునకు సంబంధించిన పత్రములన్నిటిని కోర్టు ముందుంచుట కక్షిదారుని విధి యనియు, లాభముకొఱకు ముఖ్యమైన పత్రమును దాచుట కోర్టును, ఎదుటివానిని కూడ మోసగించుటయే యనియు, అట్లు పొందిన డిక్రీ చెల్లదనియు సుప్రీంకోర్టువారు తేల్చిరి. ఏండ్లు గడచిన డిక్రీయే నిలువనపుడు రెండు వారముల తాత్కాలికపు ఉత్తరువు నిలుచునా?

మనవారు సాధారణముగ దాచు సంగతులు

మొదటిది, అదే భూమిపై ఇంతకు ముందున్న వ్యాజ్యములు. మరియొక కోర్టులో దావా యుండవచ్చును. తహసీలుదారు యొద్దనో, రెవిన్యూ డివిజనల్ ఆఫీసరు యొద్దనో అర్జీ యుండవచ్చును. ఓడిపోయినదైనను, నడుచుచున్నదైనను చెప్పవలెను.

రెండవది, పత్రములు. అన్నదమ్ముల పంపకపు కాగితము, విక్రయపు అగ్రిమెంటు, విడుదల పత్రము, వీలునామా, తనఖా మొదలగునవి. రిజిస్టరు కాని కాగితమైనంత మాత్రమున చెప్ప నక్కఱలేదని తలపరాదు. దాని విలువ యెంతయో తేల్చుట కోర్టువారి పని.

మూడవది, ఋణములు. మన సంఘమునుండి పంటఋణము తీసికొనునపుడు ఏ సర్వే నంబరులో ఎవరు సాగుచేయుచున్నదియు వ్రాసి యిత్తుము. భూమి తనఖాలో నున్నచో ఆ సంగతి సంఘపు లెక్కలలో నుండును. పొలము తమ్ముని సాగులో నున్నదని సంఘములో వ్రాసియిచ్చి, నా సాగులోనే యున్నదని కోర్టులో ప్రమాణము చేసినచో ఆ రెండు కాగితములును ఒకనాడు ఒకే బల్లపైకి వచ్చును. కోర్టునుండి సమను వచ్చినప్పుడు కార్యదర్శి పుస్తకమును చూపకతప్పదు.

నాలుగవది, కొలతలును హద్దులును. దస్తావేజులో రెండెకరములని యుండి కొలతలో ఎకరా ఎనుబది సెంట్లే యున్నచో ఆ తేడాను చెప్పవలెను. ముందుగానే సర్వేయరుచే కొలిపించి, హద్దురాళ్లు చూచుకొని, గ్రామపటముతో సరిపోల్చుకొనుట మేలు. కోర్టువారు అడ్వొకేటు కమీషనరును పంపి చేను చూపించుకొనగలరు. చేను అబద్ధము చెప్పదు.

ఐదవది, దినములు. నెలదినముల క్రిందట మొదలైన తగవును "నిన్న వచ్చి గట్టు త్రెంచిరి" అని వ్రాయుట మనవారికి వాడుకయైనది. తొందర చూపినగాని ఉత్తరువు రాదని తలతురు. ఆలస్యమునకు కారణముండిన చెప్పవచ్చును. లేని తొందరను కల్పించుట మాత్రము తప్పుదారి పట్టించుటయే.

స్వాధీనము విషయమున జరుగు అబద్ధము

వీటన్నిటికంటె నెక్కువగ జరుగునది స్వాధీనమును గూర్చిన అబద్ధము. ఇంజంక్షను చేతిలో నున్న భూమిని కాపాడుటకే గాని చేయిజారిన భూమిని తెచ్చియిచ్చుటకు కాదు. అవతలివాడు ఇదివఱకే దున్ని విత్తియుండగా, "నేనే స్వాధీనములో నున్నాను, అతడు రాకుండ ఆపుడు" అని అడుగుదురు. ఉత్తరువు వచ్చినచో దానిని చూపి చేనిలో దిగవలెనని వారి యూహ. ఇది కోర్టు కాగితమును ముల్లుకఱ్ఱగా వాడుకొనుట. అడంగలులో గాని, పహాణీలో గాని, చుట్టు చేలవారి నోట గాని ఈ యబద్ధము నిలువదు.

నిజము చెప్పువానికి చట్టములో దారి లేకపోలేదు. తన సమ్మతి లేక, చట్టవిరుద్ధముగ, భూమినుండి తొలగింపబడినవాడు ఆరు నెలలలోపల స్పెసిఫిక్ రిలీఫు చట్టము 6వ సెక్షను క్రింద దావా వేసినచో, హక్కు ఎవరిదను ప్రశ్నలోనికి పోకయే స్వాధీనము తిరిగి యిప్పింతురు. ఆ గడువు దాటినను హక్కును బట్టి స్వాధీనమునకై దావా వేయవచ్చును. హక్కుపైననే గట్టి సందేహ మున్నయెడల ఒట్టి ఇంజంక్షను దావా చాలదనియు, హక్కును తేల్చుమని కూడ కోరవలెననియు, వరంగల్లు స్థలముల తగవులో 2008లో సుప్రీంకోర్టువారు విశదపరచిరి. ఉన్న సంగతి చెప్పిన వకీలుగారు సరియైన దావా వేయింతురు. లేనిది చెప్పినచో తప్పు దావా వేయింతురు.

అఫిడవిటుపై సంతకము చేయుటకు ముందు

అఫిడవిటు తరచుగ ఇంగ్లీషులో నుండును. రైతు చూపినచోట సంతకము చేసి వచ్చును. తరువాత "అది వకీలుగారు వ్రాసినది, నాకు తెలియదు" అనుట వాడుక. ఈ మాట నమ్మించుట మిక్కిలి కష్టము. సంతకము చేసినవాడే ప్రమాణము చేసినవాడు. కావున ప్రతి పేరాను తెలుగులో చెప్పించుకొని వినవలెను. "ఎన్నడును లేదు", "ఎవరును రాలేదు" అను మాటలు వచ్చినచోట ఆగి, నిజముగ అట్లేనా యని ఆలోచింపవలెను. ఇంటిలోని కాగితముల నన్నిటిని సంచిలో వేసికొని పోవలెను. ఏది పనికివచ్చును, ఏది పనికిరాదు అని మనమే యేరుట తగదు. మనకు విరోధముగ తోచు కాగితమునే మొదట వకీలుగారి చేతిలో పెట్టవలెను.

నోటీసు లేకుండ ఉత్తరువు వచ్చినపిమ్మటను పని ముగియదు. అర్జీ, అఫిడవిటు, దావా, పత్రముల నకళ్లను వెంటనే అవతలివానికి అందజేయుటయో రిజిస్టరు తపాలాలో పంపుటయో చేసి, అట్లు చేసితిమని ఆ దినముననో మరునాడో అఫిడవిటు దాఖలు చేయవలెను. అట్టి అర్జీని 30 దినములలో తేల్చుటకు కోర్టువారు ప్రయత్నింపవలెనని 3-ఏ రూలు చెప్పుచున్నది. పొరపాటున ఏదేని సంగతి విడిచినట్లు తరువాత తెలిసినచో, అవతలివాడు ఎత్తిచూపువఱకు వేచియుండక, అదనపు అఫిడవిటుతో మనమే సరిదిద్దుకొనవలెను. మఱచినవానికిని దాచినవానికిని గల భేదము కోర్టువారికి కనబడునది ఇచ్చటనే.

ఎదుటివాడు అబద్ధమాడుననెడు భయ మున్నవారికి

పొరుగువాడు మన మాట వినిపింపకయే ఉత్తరువు తెచ్చునని అనుమాన మున్నచో, సివిలు ప్రొసీజరు కోడు 148-ఏ సెక్షను క్రింద ముందుగానే కేవియటు దాఖలు చేసికొనవచ్చును. అది 90 దినములు అమలులో నుండును; ఆలోపల అవతలివాడు అర్జీ వేసినచో మనకు నోటీసు రావలెను. ఉత్తరువు వచ్చియే యున్నచో దానిని మీఱరాదు. ఎంత అన్యాయముగ తోచినను రద్దగువఱకు లోబడియుండవలెను. మీఱినవాని ఆస్తిని జప్తు చేయుటకును, మూడు నెలలవఱకు సివిలు జైలులో నుంచుటకును 2-ఏ రూలులో వీలున్నది. దాచబడిన పత్రములతో 4వ రూలు క్రింద రద్దునకు అర్జీ పెట్టుకొనుటయే తగిన దారి. పేద రైతులు జిల్లా న్యాయసేవాధికార సంస్థవారి యొద్ద ఉచిత సహాయము కోరవచ్చును.

కడపటి మాట

సభ్యులారా, కోర్టునకు పోకుండ పెద్దమనుష్యుల యెదుటను, లోక్ అదాలతులోను తీరదగిన తగవులను అక్కడనే తీర్చుకొనుట ఉత్తమము. పోకతప్పనపుడు ఉన్నది ఉన్నట్లు చెప్పుకొని పొండు. మనకు విరోధమైన సంగతిని మన నోటనే, దానికి మన సమాధానముతో కూడ చెప్పినపుడు అది చిన్నదిగనే యుండును. అదే సంగతి అవతలివాని నోట వచ్చినపుడు మన మాట యంతయు అనుమానములో పడును. నమ్మకము పోయినవానికి సంఘములో అప్పు పుట్టదని మన మెఱుగుదుము. కోర్టులోను అంతియే.

ఆ దిగువ రైతు ఇప్పటికిని మా స్నేహితుడే. బోదె పారుచున్నది, పూడిక సొమ్ము ఏటేట నిచ్చుచున్నాడు. ఆ కాగితమును ఇప్పుడు పాసుపుస్తకముతోపాటు పెట్టెలో భద్రముగ దాచుకొనియున్నాడు.